డిక్ లెబో కెరీర్: ఆలోచన గొప్పదా, ఆడినవాళ్లు గొప్పవాళ్లా?

మూడునదులు (పిట్స్‌బర్గ్)

మన క్రీడల విభాగంలో ఎన్‌ఎఫ్‌ఎల్ (అమెరికాలో ఫుట్‌బాల్ ప్రధాన లీగ్) కబుర్లంటే క్వార్టర్‌బ్యాక్‌ల (బంతి విసిరి దాడిని నడిపేవాళ్ల) కబుర్లే. బ్రేడీ, మానింగ్, మహోమ్స్ మీద పేజీలకు పేజీలున్నాయి. వాళ్లని బోల్తా కొట్టించడమే పనిగా పెట్టుకున్న డిఫెన్స్ కోచ్‌ల మీద ఒక్క థ్రెడ్డూ లేదు. అందుకే డిక్ లెబోతో మొదలుపెడుతున్నాను.

తెలియనివాళ్ల కోసం క్లుప్తంగా. 1937లో ఓహాయో రాష్ట్రంలో లండన్ అనే చిన్న ఊళ్లో పుట్టారు. ఓహాయో స్టేట్‌లో వుడీ హేస్ దగ్గర ఆడి, 1957లో జాతీయ చాంపియన్‌గా నిలిచిన జట్టులో ఉన్నారు. 1959 డ్రాఫ్టులో (కాలేజీ ఆటగాళ్లని జట్లు వంతులవారీగా ఎంచుకునే చోటు) క్లీవ్‌లాండ్ బ్రౌన్స్ అయిదో రౌండులో తీసుకుని, ట్రైనింగ్ క్యాంపులోనే వద్దని పంపేసింది. డెట్రాయిట్ లయన్స్ పిలిచి చోటిచ్చింది. అక్కడ 14 సీజన్లు కార్నర్‌బ్యాక్‌గా (అవతలి రిసీవర్లని కాసేవాడిగా) ఆడారు. 62 ఇంటర్‌సెప్షన్లు (అవతలివాళ్ల పాస్‌ని మధ్యలో పట్టేయడం), వరసగా 171 మ్యాచ్‌లు. ఆ 62 ఇప్పటికీ లయన్స్ జట్టు రికార్డు.

1973లో ఫిలడెల్ఫియాలో స్పెషల్ టీమ్స్ కోచ్‌గా రెండో జీవితం మొదలైంది. తర్వాత గ్రీన్ బే, సిన్సినాటి, పిట్స్‌బర్గ్, మళ్లీ సిన్సినాటి, ఒక ఏడాది బఫెలో, 2004 నుంచి 2014 దాకా మళ్లీ మా పిట్స్‌బర్గ్, చివరికి టెన్నెసీ. ఆటగాడిగా, కోచ్‌గా కలిపి మధ్యలో ఒక్క ఏడాది ఖాళీ లేకుండా 59 సీజన్లు. ఆఖరి సీజన్‌కి ఆయన వయసు 80.

2010లో హాల్ ఆఫ్ ఫేమ్‌లోకి (ఆటలో మేటివాళ్లకి ఇచ్చే శాశ్వత గౌరవం) తీసుకున్నారు. అయితే ఆటగాడిగా! నాకు మనసు ఒప్పుకోనిది అదే. కార్నర్‌బ్యాక్‌గా ఆయన గొప్పవాడు, సందేహం లేదు. కానీ ఇవాళ ఆదివారం మీరు ఏ మ్యాచ్ పెట్టినా అందులో ఆయన ఆలోచన కనిపిస్తుంది. అది కార్నర్‌బ్యాక్ లెబోది కాదు, కోచ్ లెబోది. మీరేమంటారు?

విశాఖ_విక్రమ్ (విశాఖపట్నం)

అన్నా, నేను రెండేళ్లుగా సూపర్ బౌల్ (ఎన్‌ఎఫ్‌ఎల్ ఫైనల్) చూస్తున్నా. మనకి సోమవారం తెల్లవారుజామున అయిదింటికి వస్తుంది కదా, అలారం పెట్టుకుని మరీ లేస్తా. నాలుగు ప్రయత్నాల్లో పది గజాలు, టచ్‌డౌన్‌కి ఆరు, ఇవన్నీ వచ్చు. కామెంటేటర్లు జోన్ బ్లిట్జ్ అన్నప్పుడు మాత్రం బుర్రకెక్కట్లేదు. లెబో గారు కనిపెట్టింది అదేనా? ఎవరైనా విడమరిచి చెప్పరూ.

ఫ్రిస్కో_నాన్న (టెక్సస్)

విక్రమ్, నేను చెప్తా. మా పెద్దోడు హైస్కూల్లో డిఫెన్సివ్ ఎండ్ (డిఫెన్స్ ముందు వరసలో చివర నిలబడేవాడు) ఆడతాడు. వాడి ప్రాక్టీసుకి తీసుకెళ్లి తీసుకొచ్చే పని నాదే కాబట్టి గట్టు మీద కూర్చుని కొంత నేర్చుకున్నా.

బ్లిట్జ్ అంటే క్వార్టర్‌బ్యాక్ మీదికి మామూలుగా వెళ్లే నలుగురు కాకుండా అయిదుగురో ఆరుగురో దూకడం. చిక్కేంటంటే అంతమంది ముందుకెళ్తే వెనక కాపలా తగ్గిపోతుంది. మిగిలినవాళ్లు ఒక్కొక్కరు ఒక్కో రిసీవర్‌ని (పాస్ పట్టేవాణ్ణి) ఒంటరిగా కాయాలి. క్వార్టర్‌బ్యాక్‌లకి చిన్నప్పటి నుంచి నేర్పే పాఠం ఏమిటంటే, లైన్‌బ్యాకర్ (ముందు వరస వెనకే నిలబడేవాడు) ఎక్కణ్ణుంచి దూకాడో ఆ చోటు ఖాళీ అవుతుంది, కళ్లు మూసుకుని బంతి అక్కడికి విసిరెయ్. దాన్నే హాట్ రూట్ అంటారు.

లెబో చేసిన పని ఆ పాఠం మీదే దెబ్బ కొట్టడం. లైన్‌బ్యాకర్ దూకుతాడు, సేఫ్టీ (అందరికంటే వెనక కాసేవాడు) దూకుతాడు. అదే క్షణంలో అవతలి పక్క రెండొందల ఎనభై పౌండ్ల డిఫెన్సివ్ ఎండ్ ముందుకు ఒక అడుగు వేసినట్టే వేసి వెనక్కి తగ్గి, సరిగ్గా ఆ ఖాళీ అవ్వాల్సిన చోట నిలబడతాడు. వెనక ముగ్గురు లోతుగా, మధ్యలో ముగ్గురు అడ్డంగా, జోన్లు పంచుకుని కాస్తారు. అదే జోన్ బ్లిట్జ్. దూకింది అయిదుగురే. కానీ ఆ అయిదుగురు ఎవరో బంతి కదిలేదాకా తెలీదు. అఫెన్సివ్ లైన్‌లో ఇద్దరు కలిసి ఆ ఎండ్‌ని ఆపడానికి సిద్ధంగా నిలబడితే, వాడు అక్కడ ఉండడు. ఇద్దరు మనుషులు గాలిని ఆపుతుంటారు. అవతలి వైపు నుంచి ఒకడు ఎవరూ అడ్డం లేకుండా వచ్చేస్తాడు.

క్రికెట్లో లెగ్ స్పిన్నర్ అదే పరుగుతో, అదే భుజంతో వచ్చి గూగ్లీ వేసినట్టు అనుకో. చూడ్డానికి ప్రతిసారీ ఒకటే.

మా వాడికి కోచ్ మొదటిసారి ఈ డ్రాప్ నేర్పించినప్పుడు దగ్గర్నుంచి చూశా. ఎప్పుడూ ముందుకే వంగి దూకే పిల్లాడు. మూడు వేళ్లు నేల మీద ఆనించి ఉన్నవాడు, స్నాప్ (ఆట మొదలుపెడుతూ బంతి వెనక్కి అందించడం) అవగానే ఎదుటివాడి భుజం మీద చెయ్యి వేసి, నడుం తిప్పి, తల మాత్రం క్వార్టర్‌బ్యాక్ వైపే ఉంచి, వెనక్కి పక్కకి పరిగెత్తాలి. మొదట్లో కాళ్లు ముడిపడి పడిపోయేవాడు. తల వెనక్కి తిప్పేవాడు, బంతి చెవి పక్కనుంచి పోయేది. ఒక స్కూలు పిల్లాడికి ఇది నేర్పడమే ఇంత కష్టమైతే, ఎన్‌ఎఫ్‌ఎల్ లైన్‌మెన్‌ని ఒప్పించి నేర్పించినాయన ఎంత ఓపికమంతుడో.

సిన్సీ_శ్రీధర్ (సిన్సినాటి)

ఫ్రిస్కో గారూ, చాలా బాగా చెప్పారు. ఒక్క మాట చేర్చాలి. అందరూ దీన్ని పిట్స్‌బర్గ్ సొత్తు అనుకుంటారు. పుట్టింది మా ఊళ్లో.

1980లో లెబో మా సిన్సినాటి బెంగాల్స్‌కి డిఫెన్సివ్ బ్యాక్స్ (వెనక కాసేవాళ్ల) కోచ్‌గా వచ్చారు, 1984లో కోఆర్డినేటర్ (డిఫెన్స్ మొత్తాన్ని నడిపే కోచ్) అయ్యారు. అప్పుడు బెంగాల్స్ యజమాని ఎవరనుకున్నారు? పాల్ బ్రౌన్. 1959లో క్లీవ్‌లాండ్‌లో కోచ్‌గా ఉండి లెబోని వద్దని పంపేసిన ఆ పాల్ బ్రౌనే. అదే మనిషి కొలువులో ఇరవై ఏళ్ల తర్వాత ఈయన తన జీవితంలోకెల్లా పెద్ద పని చేశారు. నాకు ఈ కథంతటిలో బాగా నచ్చేది ఇదే.

అప్పటి పరిస్థితి కూడా చూడాలి. శాన్‌ఫ్రాన్సిస్కోలో బిల్ వాల్ష్ పొట్టి పొట్టి పాస్‌లతో, మూడడుగులు వెనక్కి వేసి వెంటనే విసిరే పద్ధతితో లీగ్‌నంతా ఊపేస్తున్నాడు. బ్లిట్జ్ చేరేలోపే బంతి వెళ్లిపోతుంది. చేయకపోతే వాళ్ల క్వార్టర్‌బ్యాక్ మోంటానాకి కావలసినంత తీరిక. రెండు వైపులా నష్టమే. షికాగోలో బడ్డీ ర్యాన్ తన 46 డిఫెన్స్‌తో ఇంకా ఎక్కువమందిని ఎగదోసి 1985లో లీగ్‌ని వణికించాడు, నిజమే. కానీ దానికి వెనక ఒంటరిగా కాయగల కార్నర్లు ఉండాలి. మాకు అంత బలగం లేదు.

లెబో ఎల్‌ఎస్‌యూకి (లూసియానా స్టేట్ యూనివర్సిటీ) వెళ్లి బిల్ ఆర్న్స్‌పార్గర్‌ని కలిశారు. డెబ్బైలలో మయామీ డాల్ఫిన్స్ డిఫెన్స్ నడిపినాయన. బాబ్ మాథెసన్ అనే లైన్‌బ్యాకర్‌ని ఒకసారి ముందుకు, ఒకసారి వెనక్కి పంపి మయామీలో ఈ దారికి మొదటి గీత గీసింది ఆయనే. ఒత్తిడి పెట్టాలి, కానీ వెనక ఇల్లు గుల్ల కాకూడదు అన్నది ఆయన సూత్రం. లెబో దాన్ని పట్టుకుని ఒక పద్ధతిగా పెంచారు. అందుకని మొదటి విత్తనం ఆర్న్స్‌పార్గర్‌ది, పంట లెబోది అంటాను.

1989 జనవరిలో మయామీలో 23వ సూపర్ బౌల్. మళ్లీ వాల్ష్, మోంటానాలే ఎదురు. మొదటి క్వార్టర్లోనే మా నోస్ టాకిల్ (ముందు వరస మధ్యలో నిలబడేవాడు) టిమ్ క్రమ్రీ కాలు విరిగిపోయింది. డిఫెన్స్‌కి నడుం ఆయనే. అయినా మూడు క్వార్టర్ల దాకా శాన్‌ఫ్రాన్సిస్కో ఫార్టీనైనర్స్‌కి ఒక్క టచ్‌డౌన్ ఇవ్వలేదు. నాలుగో క్వార్టర్ మొదట్లో ఎండ్ జోన్‌లో మోంటానా విసిరిన బంతి మా లూయిస్ బిలప్స్ చేతుల్లోకే వచ్చి జారిపోయింది. తర్వాతి ఆటకే జెర్రీ రైస్ టచ్‌డౌన్. చివర్లో 16-13తో మేం ముందున్నాం, 3 నిమిషాల 20 సెకన్లు మిగిలాయి. మోంటానా 92 గజాలు నడిపించి, 34 సెకన్లు ఉండగా జాన్ టేలర్‌కి టచ్‌డౌన్ వేశాడు. 20-16. ఆ బిలప్స్ చేతిలో బంతి ఆగుంటే లెబో పేరు మరో పదిహేనేళ్ల ముందే ప్రతి ఇంట్లో వినిపించేది.

రేవెన్_రఘు (బాల్టిమోర్)

అందరికీ నమస్కారం. నేను అవతలి గట్టువాణ్ణి, బాల్టిమోర్ రేవెన్స్ అభిమానిని. గౌరవంతోనే ఎదురు మాట్లాడతాను.

లెబో మంచి కోచ్. కానీ హాల్‌లో కోచ్‌గా పెట్టాల్సినంత అంటే నాకు కొన్ని అడ్డంకులు కనిపిస్తున్నాయి. మొదటిది, హెడ్ కోచ్‌గా రికార్డు 12 గెలుపులు, 33 ఓటములు. రెండోది, సరైన క్వార్టర్‌బ్యాక్ ఎదురైనప్పుడల్లా ఈ మాయ పనిచేయలేదు. 2004 సీజన్‌లో మీ పిట్స్‌బర్గ్ స్టీలర్స్ డిఫెన్స్ గజాల లెక్కలో లీగ్‌లో మొదటిది, జట్టు 15-1 (15 గెలుపులు, ఒక ఓటమి). సొంత మైదానంలో బ్రేడీ వచ్చి 41 పాయింట్లు పెట్టి వెళ్లాడు. 2011 ఫిబ్రవరిలో 45వ సూపర్ బౌల్‌లో ఆరన్ రాజర్స్ 304 గజాలు, మూడు టచ్‌డౌన్లు. మరుసటి సీజన్ ప్లేఆఫ్‌లో డెన్వర్ క్వార్టర్‌బ్యాక్ టిమ్ టీబో, పాస్ సరిగా వేయలేడని పేరు పడ్డవాడు, ఓవర్‌టైమ్ మొదటి బంతికే 80 గజాల టచ్‌డౌన్ వేశాడు.

మూడోది అసలైంది. పొలమాలు, హ్యారిసన్, హాంప్టన్, ఫారియర్, ఆరన్ స్మిత్, ఇంతమంది మేటి డిఫెన్స్ ఆటగాళ్లు ఉంటే ఏ పద్ధతైనా బాగుంటుంది. 43వ సూపర్ బౌల్ నుంచి మీరు మాటిమాటికీ చూపించే హ్యారిసన్ వంద గజాల పరుగు కూడా కోచ్ పిలిచిన ఆట కాదు కదా!

గణాంకాల_గోపి (హైదరాబాద్)

రఘు గారు అంకెలు తెచ్చారు కాబట్టి మరికొన్ని.

2008 స్టీలర్స్: 16 మ్యాచ్‌ల్లో 223 పాయింట్లే ఇచ్చారు, అంటే మ్యాచ్‌కి 13.9. గజాలు మ్యాచ్‌కి 237.2. రెండింటిలోనూ లీగ్‌లో మొదటి స్థానం. పాస్ గజాల్లో మొదటి స్థానం, పరుగు గజాల్లో రెండో స్థానం. హ్యారిసన్ 16 శాక్‌లతో (బంతి విసరకముందే క్వార్టర్‌బ్యాక్‌ని పడేయడం) ఆ ఏడాది ఉత్తమ డిఫెన్సివ్ ఆటగాడు. 2010లో మళ్లీ పాయింట్లలో మొదటి స్థానం, ఆ అవార్డు పొలమాలుకి.

రెండో విడత పిట్స్‌బర్గ్‌లో ఉన్న 11 సీజన్లలో అయిదుసార్లు గజాల లెక్కలో ఆ డిఫెన్స్ లీగ్‌లో మొదటిది: 2004, 2007, 2008, 2011, 2012. ఆ తొమ్మిది సీజన్లలో పదకొండు మందీ ఒకరే కాదు. అవతలి క్వార్టర్‌బ్యాక్‌లూ, రూల్సూ మారాయి. పాస్‌కి అనుకూలంగా లీగ్ రూల్స్ బిగిస్తున్న కాలం అది. మారకుండా ఉన్నది కోఆర్డినేటర్.

మూడునదులు (పిట్స్‌బర్గ్)

> హ్యారిసన్ వంద గజాల పరుగు కూడా కోచ్ పిలిచిన ఆట కాదు కదా!

రఘు గారూ, ఇది తప్పించుకోలేని ప్రశ్నే. అందుకే ఆ ఒక్క ఆటని మళ్లీ చూసి రాస్తున్నాను.

2009 ఫిబ్రవరి 1, టాంపా. 43వ సూపర్ బౌల్, మొదటి సగం చివరి 18 సెకన్లు. 10-7తో మేం ముందున్నాం. అరిజోనా కార్డినల్స్ మా గోల్‌లైన్‌కి ఒక్క గజం దూరంలో ఉంది. టచ్‌డౌన్ పడితే వాళ్లు ఆధిక్యంతో లోపలికెళ్తారు. లెబో పిలిచింది బ్లిట్జ్. హ్యారిసన్ దూకాలి. క్వార్టర్‌బ్యాక్ కర్ట్ వార్నర్ దాన్ని చదివాడు కూడా. ఒత్తిడి వస్తోంది, కాబట్టి ఎడమ పక్కకి వెంటనే రిసీవర్ బోల్డిన్‌కి పొట్టి పాస్. వార్నర్ అప్పటికి సూపర్ బౌల్ గెలిచినవాడు. అతని లెక్క పాఠం ప్రకారం సరైనదే.

హ్యారిసన్ స్నాప్ అవగానే లైన్‌మన్ వైపు ఒక్క అడుగు వేశాడు. ఆగాడు. రెండడుగులు వెనక్కి, పక్కకి. బంతి నేరుగా అతని రొమ్ముకి వచ్చింది. అక్కణ్ణుంచి కుడి గీత పక్కన పరుగు. ముందు మా డెషియా టౌన్‌సెండ్ బంతి తనకిమ్మని అడుగుతున్నాడు, మా వుడ్లీ ఒకర్ని పడగొట్టాడు. అరిజోనా రిసీవర్ లారీ ఫిట్జ్‌జెరల్డ్ మైదానమంతా తరుముకుంటూ వచ్చి గోల్‌లైన్ దగ్గర పట్టుకున్నాడు, అయినా హ్యారిసన్ గీత దాటి తలకిందులుగా పడ్డాడు. గడియారంలో సున్నా. 17-7.

పిలిచిన ఆట కాదు అన్నది నిజం. కానీ డిఫెన్సివ్ ఎండ్, లైన్‌బ్యాకర్ ముందుకు అడుగువేసి వెనక్కి తగ్గడం అనే ఆ కదలిక అతనికి ఎక్కడ అలవడింది? ఆ ఇంట్లోనే. ఆ క్షణంలో ఇక్కణ్ణుంచి పాస్ ఇక్కడికే పోవాలి అని లెక్క కట్టడం ఎక్కడ నేర్చాడు? మ్యాచ్ ఫిల్మ్‌లు చూసే ఆ గదిలోనే. పైగా లెబో దగ్గర ఒక పద్ధతుంది. తన ఆటని అర్థం చేసుకున్నవాడికి గీత దాటే చనువిస్తారు. పొలమాలుకి ఎంత చనువిచ్చారో అందరికీ తెలుసు. 2010లో టెన్నెసీతో మ్యాచ్‌లో గోల్‌లైన్ దగ్గర స్నాప్ సమయం పసిగట్టి లైన్ మీదుగా ఎగిరి వాళ్ల క్వార్టర్‌బ్యాక్ కెర్రీ కాలిన్స్ మీద పడ్డాడే, ఆ సాహసం తప్పయితే తిట్లు తినాల్సిన చోట కాదది. వేరే కోచ్ దగ్గరయితే ఆ కుర్రాడు తన చోట తాను నిలబడేవాడు.

ఇంకోటి. హ్యారిసన్ని డ్రాఫ్టులో ఎవరూ తీసుకోలేదు. ఒకటికి రెండుసార్లు జట్లు పంపేశాయి. ఇంత గొప్ప ఆటగాడు ముందే తయారై వచ్చి లెబోకి దొరికాడనడం అతని కథకి పొసగదు.

డాక్టర్_లలిత (న్యూజెర్సీ)

టీబో మ్యాచ్ ప్రస్తావన వచ్చింది కాబట్టి ఒక విషయం. 2012 జనవరిలో ఆ మ్యాచ్‌కి మొదటి సేఫ్టీ ర్యాన్ క్లార్క్ లేడు. ఆయనకి సికిల్ సెల్ ట్రెయిట్ (సికిల్ సెల్ రక్త జబ్బు జన్యువు ఒకటే ఉండడం) ఉంది. 2007లో అదే డెన్వర్‌లో, అంత ఎత్తు మీద ఆడి ప్రాణం మీదికి తెచ్చుకున్నాడు, ప్లీహం, పిత్తాశయం తీసేయాల్సి వచ్చింది. అందుకే ఈసారి హెడ్ కోచ్ మైక్ టామ్లిన్ ఆడనివ్వలేదు. వైద్యురాలిగా నేనైతే చేతులెత్తి దండం పెట్టాల్సిన నిర్ణయం అంటాను. మన ఆదిలాబాద్, పాడేరు ఏజెన్సీ గ్రామాల్లో ఈ సమస్య చూసినవాళ్లకి దాని తీవ్రత తెలుసు. ట్రెయిట్ ఉన్నవాళ్లు మామూలుగా ఆరోగ్యంగానే ఉంటారు, కానీ ఎత్తు ప్రదేశంలో విపరీతమైన శ్రమ పడితే ప్రమాదం రావచ్చు.

ఆట సంగతి మీరే చెప్పాలి, కానీ వెనక కాపలాకి ముఖ్యమైన మనిషి లేడన్నది లెక్కలోకి రావాలి కదా.

రేవెన్_రఘు (బాల్టిమోర్)

లలిత గారూ, క్లార్క్‌ని ఆపడం నూటికి నూరుపాళ్లు సరైనది. నా ఫిర్యాదు వేరే. క్లార్క్ లేడని తెలిసీ ఓవర్‌టైమ్ మొదటి ఆటకి అందర్నీ పరుగు ఆపడానికి ముందుకు లాగేశారు. లోతున ఎవరూ లేరు. డెన్వర్ రిసీవర్ డెమారియస్ థామస్ మీ కార్నర్ ఐక్ టేలర్‌ని ఒక్క చేత్తో నెట్టి పరిగెత్తాడు. ఆ రోజు పందెం కాసింది కోఆర్డినేటరే. ఇల్లు గుల్ల కాకూడదన్న సూత్రం మీదే ఆయన పద్ధతంతా నిలబడినప్పుడు, ఆ ఒక్కరోజు ఆయనే దాన్ని పక్కన పెట్టాడని నా బాధ.

సిన్సీ_శ్రీధర్ (సిన్సినాటి)

12-33 గురించి. నేను అప్పుడు ఈ ఊళ్లోనే ఉన్నా, ఆ రోజులు మర్చిపోలేను.

2000లో మూడు మ్యాచ్‌లు వరసగా ఓడాక బెంగాల్స్ హెడ్ కోచ్ బ్రూస్ కాస్లెట్ రాజీనామా చేసి వెళ్లిపోయాడు. సీజన్ మధ్యలో, మునిగే పడవని లెబో చేతిలో పెట్టారు. మిగిలిన 13లో నాలుగు గెలిచారు. అందులో మొదటిది డెన్వర్ మీద, కోరీ డిల్లన్ 278 గజాలు పరిగెత్తి అప్పటి లీగ్ రికార్డు కొట్టిన మ్యాచ్. మరుసటి ఏడాది 6-10. 2002లో 2-14. తొంభైలంతా బెంగాల్స్ ఎలా నడిచిందో తెలిసినవాళ్లు ఆ అంకెల్ని ఒక్క మనిషి నెత్తిన వేయరు. స్థిరమైన క్వార్టర్‌బ్యాక్ లేడు. లెబో స్థానంలో మార్విన్ లూయిస్ వచ్చాకే జట్టు మెల్లగా లేచింది.

హెడ్ కోచ్ పని వేరు, కోఆర్డినేటర్ పని వేరు. 53 మందిని, ప్రెస్‌ని, యజమానిని మోయడం ఒక విద్య. చీకటి గదిలో ఫిల్మ్ చూసి ఆదివారానికి పదకొండు మందిని సిద్ధం చేయడం ఇంకో విద్య. మొదటిది ఆయనకి కుదర్లేదు. రెండోదానిలో ఆయనకి సాటి చాలా తక్కువ.

ఓహాయో_అక్క (కొలంబస్)

మీ అందరంత లోతు నాకు తెలియదు గానీ, 2010 ఆగస్టులో కాంటన్‌లో హాల్ ఆఫ్ ఫేమ్ వేడుకకి మా వారితో వెళ్లాను. ఆ ఏడాది జెర్రీ రైస్, ఎమిట్ స్మిత్ కూడా ఉన్నారు, జనం వాళ్ల కోసమే అనుకున్నా. ట్రైనింగ్ క్యాంపు రోజులైనా స్టీలర్స్ జట్టు మొత్తం కదిలి వచ్చింది. లెబో గారు లేచినప్పుడు ఆ ఆజానుబాహులంతా నిలబడి చప్పట్లు కొడుతుంటే మా వారికి కళ్లు చెమర్చాయి. అంతకు ముందే ఆయన లయన్స్ రోజుల 44 నంబరు జెర్సీలు వేసుకుని మ్యాచ్‌కి వచ్చి, మా కోచ్‌ని హాల్‌లోకి తీసుకోండి అని అడిగినవాళ్లే వాళ్లంతా.

ఆయన్ని ఆటగాళ్లు కోచ్ డాడ్ అని పిలిచేవారు. ప్రతి డిసెంబర్లో జట్టుని కూర్చోబెట్టి క్రిస్మస్ ముందు రాత్రి గురించిన ఆ పాత పిల్లల పద్యాన్ని కాగితం చూడకుండా మొత్తం అప్పజెప్పేవారట, కోటీశ్వరులైన కుర్రాళ్లు చిన్నపిల్లల్లా వినేవారట. అరిచి తిట్టడం ఆయన తీరు కాదని ఆయన దగ్గర ఆడిన ప్రతివాళ్లూ చెబుతారు. మన ఇళ్లలో మంచి తాతగారు ఉన్న ఇల్లు ఎలా ఉంటుందో నాకు అలా తోచింది.

ఫ్రిస్కో_నాన్న (టెక్సస్)

అక్కయ్యా, ఈ పోస్టు మా వాడికి చదివి వినిపిస్తా.

గణాంకాల_గోపి (హైదరాబాద్)

మొదటి విడత పిట్స్‌బర్గ్ రోజుల గురించి ఎవరూ ఎత్తలేదు. 1992లో బిల్ కౌవర్ హెడ్ కోచ్‌గా వచ్చినప్పుడు ఆయన సిబ్బంది చూడండి: డోమ్ కేపర్స్ కోఆర్డినేటర్, లెబో డిఫెన్సివ్ బ్యాక్స్, మార్విన్ లూయిస్ లైన్‌బ్యాకర్స్. ముగ్గురూ తర్వాత హెడ్ కోచ్‌లయ్యారు. 1995లో కేపర్స్ కరోలినాకి వెళ్తే లెబో కోఆర్డినేటర్. ఆ సీజన్ మొదటి మ్యాచ్‌లోనే కార్నర్ రాడ్ వుడ్‌సన్ మోకాలు దెబ్బతింది. అప్పుడు సేఫ్టీ కార్నెల్ లేక్‌ని కార్నర్‌కి మార్చి, ఆ జట్టునే సూపర్ బౌల్‌కి తీసుకెళ్లారు. అక్కడ డాలస్ చేతిలో 27-17తో ఓడినా, ఎమిట్ స్మిత్‌ని 49 గజాలకి కట్టేశారు. ఓటమికి కారణం డిఫెన్స్ కాదు, పిట్స్‌బర్గ్ క్వార్టర్‌బ్యాక్ నీల్ ఓడానెల్ డాలస్ కార్నర్ లారీ బ్రౌన్‌కి ఇచ్చిన రెండు ఇంటర్‌సెప్షన్లు.

రఘు గారు అన్న 45వ సూపర్ బౌల్‌లో ఇంకో ముచ్చట. రాజర్స్ జట్టు గ్రీన్ బే డిఫెన్స్ కోఆర్డినేటర్ ఎవరు? డోమ్ కేపర్స్. అంటే ఆ రోజు రెండు పక్కలా ఒకే బడి వాళ్లే. 31-25తో ఓడింది లెబో, గెలిచింది ఆ బడిలో పనిచేసినవాడే.

రేవెన్_రఘు (బాల్టిమోర్)

గోపి గారూ, మీరు నా చేతికి ఆయుధం ఇస్తున్నారో, నా చేతిలోది లాక్కుంటున్నారో తెలియట్లేదు. మా 2000 రేవెన్స్ 16 మ్యాచ్‌ల్లో 165 పాయింట్లే ఇచ్చి రికార్డు సృష్టించిన డిఫెన్స్. దాని కోఆర్డినేటర్ ఆ మార్విన్ లూయిసే. అందుకే లెబో పేరు మా ఊళ్లోనూ మర్యాదగానే వినిపిస్తుంది. బడి పెద్దదని ఒప్పుకోవడానికి నాకు అభ్యంతరం లేదు. హాల్ ఆఫ్ ఫేమ్‌లో కోచ్ అనే గదికి మాత్రం హెడ్ కోచ్‌గా గెలుపులు కావాలని నా పట్టు. కోఆర్డినేటర్లకి వేరే గది కడితే మొదటి ఇటుక లెబో పేరు మీదే పెట్టండి, నేనూ ఓటేస్తా.

విశాఖ_విక్రమ్ (విశాఖపట్నం)

ఇంత సమాచారం ఒకేచోట నాకెక్కడా దొరకలేదు. అన్నలకీ అక్కలకీ థ్యాంక్స్. ఒక్క మ్యాచ్ మొత్తం కూర్చుని చూడాలంటే ఏది చూడాలి? హ్యారిసన్ పరుగు హైలైట్స్‌లో చూశా, అది కాకుండా.

మూడునదులు (పిట్స్‌బర్గ్)

2006 జనవరి 15, ఇండియానాపోలిస్‌లో కోల్ట్స్‌తో ప్లేఆఫ్. కళ్లు మూసుకుని చెప్తా.

ఎందుకంటే ఆ సీజన్‌లో కోల్ట్స్ మొదటి 13 మ్యాచ్‌లు గెలిచి 14-2తో ముగించింది. నవంబర్‌లో అదే స్టేడియంలో మమ్మల్ని 26-7తో చితక్కొట్టింది. మేం ఆరో సీడ్, అంటే మా వైపు ప్లేఆఫ్ జట్లలో చివరి స్థానం. ఇక్కడ పెన్ హిల్స్ వెంకటేశ్వరస్వామి గుడి క్యాంటీన్‌లో పులిహోర తింటూ మేం మాట్లాడుకున్నప్పుడు గెలుస్తామన్న మాట ఎవరి నోటా రాలేదు. గౌరవంగా ఆడితే చాలనుకున్నాం.

కోల్ట్స్ క్వార్టర్‌బ్యాక్ పేటన్ మానింగ్ సంగతి తెలుసుగా. లైన్ దగ్గర నిలబడి చేతులూపుతూ, అరుస్తూ, ఎదుటివాళ్ల ఎత్తుని ముందే చదివి ఆట మార్చేసే మనిషి. లెబోకి అంతకంటే కఠినమైన పరీక్ష లేదు. ఆ రోజు మా వాళ్లు చివరి సెకను దాకా కదులుతూనే ఉన్నారు. మానింగ్ ఎటు చూపిస్తే అటు మారేవాళ్లు, అతను వెనక్కి తిరగగానే మళ్లీ మారేవాళ్లు. అయిదుసార్లు శాక్ చేశారు. నాలుగో క్వార్టర్ మొదలయ్యేసరికి 21-3. తర్వాత కోల్ట్స్ పుంజుకుంది. పొలమాలు పట్టిన ఇంటర్‌సెప్షన్‌ని రిఫరీ రద్దు చేశాడు, అది తప్పని తర్వాత లీగే ఒప్పుకుంది. చివర్లో నాలుగో డౌన్‌లో (ఆఖరి ప్రయత్నంలో) మా జోయీ పోర్టర్ మానింగ్‌ని అతని రెండు గజాల గీత దగ్గర పడేశాడు. అయిపోయిందనుకుంటే జెరోమ్ బెటిస్ బంతి జార్చాడు, మా క్వార్టర్‌బ్యాక్ రాథ్లిస్‌బర్గర్ పడిపోతూ, బంతితో పరిగెత్తుతున్న కోల్ట్స్ నిక్ హార్పర్ కాలు ఒక చేత్తో పట్టుకోకపోయి ఉంటే ఈ థ్రెడ్డే ఉండేది కాదు. 21-18. మూడు వారాల తర్వాత 40వ సూపర్ బౌల్ గెలిచాం, అదీ డెట్రాయిట్‌లో, లెబో 14 ఏళ్లు ఆడిన ఊళ్లో.

చూసేటప్పుడు బంతిని చూడకు విక్రమ్. 91 నంబరు ఆరన్ స్మిత్‌ని, పొలమాలు 43ని చూడు. స్నాప్‌కి ముందు ఎక్కడున్నారు, స్నాప్ తర్వాత ఎక్కడున్నారు, అది ఒక కాగితం మీద రాసుకో. రెండో క్వార్టర్ అయ్యేసరికి నీకే తెలుస్తుంది. తెలియకపోతే ఆట నంబరు, నిమిషం ఇక్కడ పెట్టు, ఫ్రిస్కో గారూ నేనూ కూర్చుని విప్పి చెప్తాం.

ఫ్రిస్కో_నాన్న (టెక్సస్)

తప్పకుండా. విక్రమ్, కెమెరా దగ్గరగా చూపించేది వద్దు, మైదానం మొత్తం పైనుంచి కనిపించే కోణం దొరికితే అదే చూడు. సేఫ్టీలు టీవీలో సగంసేపు కనపడరు.

విశాఖ_విక్రమ్ (విశాఖపట్నం)

ఈ శనివారం రాత్రే కూర్చుంటా అన్నా. కాగితం, పెన్ను రెడీ. ఆదివారం మధ్యాహ్నానికి మొదటి ప్రశ్నతో వస్తా.